పెరగని కిస్తీ

ఆఖరి కిస్తీ కట్టడానికి పెద్దన్న ఒక్కడే వెళ్తే సరిపోయేది. కానీ కాలనీలో సగం మందిమి ఆయన వెంటపడ్డాం. రాత్రి షిఫ్టు దిగినవాళ్లం దిగినట్టే వెళ్లాం. ఒంటి మీద గాజు దుమ్ము, కళ్లలో నిద్ర. అయినా అందరి మొహాలూ వెలిగిపోతున్నాయి.

కారణం ఉంది. మా సీసాల ఫ్యాక్టరీ కాలనీలో అందరికంటే ముందు ఇంటి అప్పు తీసుకున్నవాడు పెద్దన్న. కొలిమి దగ్గర పని ఆయనది. ఆయన తీసుకున్నాక ఏడాది తిరక్కుండా మేమందరం అదే ఫైనాన్సు కంపెనీ గుమ్మం ఎక్కాం. అదే అప్పు, అదే పదిహేనేళ్ల గడువు. ఆయన ఇంటి కాగితాలు బయటికి వస్తే మావి కూడా బయల్దేరినట్టే అనుకున్నాం. అందుకే కళ్లారా చూడాలని వెళ్లాం.

పెద్దన్న ఇస్త్రీ చొక్కా వేసుకుని, గడ్డం గీసుకుని, డబ్బు కౌంటర్లో పెట్టి, "ఇదే ఆఖరు తల్లీ. కాగితాలు ఇచ్చెయ్" అన్నాడు. పక్కన వదిన నిలబడి ఉంది. కాగితాలు పెట్టుకోవడానికి కొత్త చేతిసంచి కూడా తెచ్చుకుంది.

కౌంటర్లో అమ్మాయి మిషన్‌లోకి చూసింది. మళ్లీ చూసింది.

"ఇంకా పదకొండేళ్లు ఉందండీ" అంది.

"సరిగ్గా చూడమ్మా. పదిహేనేళ్లకి తీసుకున్నాను. ఒక్క నెల కూడా తప్పలేదు."

"తప్పలేదండీ. అన్నీ కట్టారు. కానీ ఇంకా పదకొండేళ్లు చూపిస్తోంది. ఏడు లక్షల పైన బాకీ ఉంది."

లారీలకి సరుకెత్తే లోడింగ్ బావ వెనకనుంచి గొంతు సాగదీశాడు. "ఏమ్మా, నీ మిషన్ పొద్దున్నే ఏమైనా పుచ్చుకుందా? కాస్త మొహం కడిగి మళ్లీ అడుగు."

మేం పగలబడి నవ్వాం. ఆ అమ్మాయి నవ్వలేదు. తల దించుకుంది. అప్పుడు మా నవ్వు ఎక్కడిదక్కడే ఆగిపోయింది.

అద్దాల గదిలోంచి మేనేజరు వచ్చాడు. పదమూడేళ్లుగా అదే మేనేజరు. అప్పట్లో జుట్టు నల్లగా ఉండేది, అంతే తేడా.

"పెద్దాయనా, వడ్డీ రేటు పెరిగింది కదా. కిస్తీ పెంచొద్దని ధర్నా చేసింది మీరే. మీ మాట కాదనలేక కిస్తీ పెంచలేదు. దాని బదులు ఏళ్లు పెరిగాయి. ఇందులో మా తప్పేముంది?"

"ఏళ్లు పెరుగుతాయని మాతో అనలేదు కదా సారూ."

"అన్నాం. ఆ రోజే చెప్పాం. మీరే వినిపించుకోలేదు."

"అనలేదు" అంది వదిన. "ఆ గదిలో నేనూ ఉన్నాను. 'కిస్తీ పైసా పెరగదు, మీకు ఇంకేమీ మారదు' అన్నారు మీరు."

మేనేజరు నవ్వాడు. "పదమూడేళ్ల నాటి మాట ఇంత బాగా గుర్తుందా అమ్మా?"

"నాకు గుర్తుంది. మర్చిపోయే అవసరం మీది."

పెద్దన్న మాత్రం కౌంటర్ పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. ఆయన వయసు అప్పటికి యాభై తొమ్మిది. ఏడాదిలో ఉద్యోగం దిగిపోవాలి. పదకొండేళ్లంటే డెబ్బై దాకా కట్టాలి. అది మాకందరికీ ఒక్కసారే తట్టింది. వదిన ఖాళీ చేతిసంచిని నాలుగు మడతలు పెట్టి చంకలో పెట్టుకుంది. చూడలేక నేను గోడకున్న బొమ్మవైపు చూశాను. ఒక మొగుడూ పెళ్లాం, ఒక పాప, ఒక ఇల్లు. ముగ్గురూ నవ్వుతున్నారు. ఒళ్లు మండిపోయింది నాకు.

ఆ ధర్నా గురించి చెప్పాలి. దాని గురించి చెప్పుకోకుండా ఎన్ని కథలు చెప్పుకున్నా దండగే.

అప్పు తీసుకున్న రెండేళ్లకి వడ్డీలు పెరుగుతున్నాయని, కిస్తీలు కూడా పెరుగుతాయని కబురొచ్చింది. మా గుండెలు జారిపోయాయి. అప్పుడు పెద్దన్న షిఫ్టు షిఫ్టుకీ తిరిగి అందరినీ కూడగట్టాడు. పిల్లలతో, చాపలతో వెళ్లి కంపెనీ ఆఫీసు ముందు కూర్చున్నాం. మూడోరోజు లోపలికి రమ్మన్నారు. మగవాళ్ల తరఫున పెద్దన్న, ఆడవాళ్ల తరఫున వదిన వెళ్లారు. ఆవిడ అప్పట్లో ప్యాకింగులో పనిచేసేది. గంటలో బయటికొచ్చి, "కిస్తీ పైసా పెరగదు!" అని పెద్దన్న చెయ్యెత్తి అరిచాడు. ఆయన్ని భుజాల మీద మోసుకుంటూ కాలనీదాకా తెచ్చాం. అంత పెద్ద కంపెనీ మెడలు వంచామని ఎన్నేళ్లు చెప్పుకున్నామో! కొత్తగా పనిలో చేరినవాళ్లకి ముందు ఆ ధర్నా కథ చెప్పేవాళ్లం, తర్వాతే పని నేర్పేవాళ్లం.

ఆ రోజు లోపల టీ ఇచ్చారట. సోఫాలో కూర్చోబెట్టారట. మన మీద ఏనాడూ లేని మర్యాద ఎందుకొచ్చిందని ఒక్కరం అడగలేదు. మావి నెల జీతం బతుకులు. నెలకి ఎంత పోతుందో చూస్తాం. ఎన్ని నెలలు పోతుందో చూడాలని మాకు తోచలేదు. కిస్తీ పెరగలేదు కాబట్టి అప్పు కూడా పెరగలేదనుకున్నాం. గెలిచామనుకున్నాం. ఆ గెలుపే మా పీకల మీదికి వచ్చింది.

ఆ సాయంత్రం కాలనీ వాకిట్లో అందరూ పోగయ్యారు. మీటింగ్ అని ఎవరూ పిలవలేదు. ఎవరికి వాళ్లు తలుపులు తీసుకుని వచ్చేశారు. ఒకళ్ల మాట ఒకళ్లు వినడం లేదు. తమ లెక్క కూడా కనుక్కుని వచ్చినవాళ్లున్నారు. ఒకరికి పన్నెండేళ్లు మిగిలింది, ఒకరికి పద్నాలుగు. ఒకాయన మొహం చేతుల్లో పెట్టుకుని మెట్ల మీద కూలబడ్డాడు.

"అంతా నీ ధర్నా మహిమే పెద్దన్నా!" అని ఎవరో అరిచారు. "నిన్ను నమ్మి మునిగాం."

"మోసం చేసింది వాడైతే ఈయన్ని అంటావేం రా?" అన్నాడు లోడింగ్ బావ.

"లోపలికెళ్లింది ఎవరు? చేతులు కలిపి వచ్చింది ఎవరు?"

చొక్కాలు పట్టుకునేదాకా వచ్చింది. పెద్దన్న మధ్యలో నిలబడి, "అననివ్వండి. నిజమే కదా. నేనే వెళ్లాను, నేనే వచ్చి గెలిచామన్నాను" అన్నాడు. ఆ మాట అన్నప్పుడు ఆయన గొంతు వినలేకపోయాను. కొలిమి దగ్గర ముప్పై ఏళ్లు నిలబడ్డ మనిషి, ఎవరికీ తలవంచని మనిషి, మా ముందు తప్పు చేసిన పిల్లాడిలా నిలబడ్డాడు. ఆ రోజు ఆయన్ని అలా నిలబెట్టినందుకు మా మీద మాకు ఇప్పటికీ కోపం పోలేదు.

అప్పుడు బుడగ పిన్ని నోరు విప్పింది. ఆవిడకి ఆ పేరెందుకొచ్చిందో చెప్పాలంటే మా పని గురించి చెప్పాలి. మేం చెకింగ్ ఆడవాళ్లం. తయారైన సీసాలు బెల్టు మీద లైటు ముందునుంచి పోతుంటాయి. ఒక్కొక్కరం ఒక్కొక్క లోపమే చూస్తాం. నేను మూతి చూస్తాను. నా పక్కన అడుగు చూసే చెల్లి. ఆ పక్కన గాజులో బుడగలు చూసే పిన్ని. సీసా మొత్తం ఒక్కరే చూడబోతే కళ్లు చెదిరి ఏదీ కనబడదు. తలో లోపం చూస్తే ఏ సీసా తప్పించుకోలేదు.

"అరుచుకుంటే ఏమొస్తుంది?" అంది పిన్ని. "అప్పుని మొత్తంగా చూస్తే మనకి అర్థం కాదు. వాడి ధైర్యమే అది. సీసా చూసినట్టు చూద్దాం. తలా ఒక ముక్క పట్టుకుని అడుగుదాం. ఒకరు అడిగింది ఇంకొకరు అడగొద్దు. విన్నది విన్నట్టు వచ్చి ఇక్కడ చెప్పాలి."

"వాళ్లు చెప్తారా?"

"చెప్పేదాకా వెళ్దాం. మన కాళ్లు అరిగితే అరుగుతాయి."

మర్నాటినుంచి మొదలుపెట్టాం. షిఫ్టు దిగినవాళ్లు దిగినట్టే వెళ్లడం, ఒక్క ప్రశ్న అడగడం, జవాబు వచ్చేదాకా కౌంటర్ వదలకపోవడం. సెక్యూరిటీ వాడు మొదట కసిరాడు, తర్వాత విసిగిపోయి కుర్చీలు వేశాడు.

నా ప్రశ్న ఇది. "నేను కట్టిన కిస్తీ ముందు ఎక్కడికి పోతుంది?"

"ముందు ఆ నెల వడ్డీకి పోతుందక్కా. మిగిలింది అసలుకి."

"మిగలకపోతే?"

కౌంటర్ అమ్మాయి ఆగింది. "మిగలకపోతే అసలు తగ్గదు" అంది. తర్వాత గొంతు తగ్గించి, "మా నాన్న లోను కూడా ఇక్కడే ఉందక్కా. నేను కూడా ఇప్పుడే చూస్తున్నాను" అంది.

అడుగు చెల్లి వెళ్లి, బయట వడ్డీలు తగ్గినప్పుడు మాకెందుకు తగ్గలేదని అడిగింది. కొత్తగా అప్పు తీసుకునేవాళ్లకి తగ్గించారట. పాతవాళ్లు అర్జీ పెట్టుకుని, ఫీజు కడితే తగ్గిస్తారట. "మరి పెంచేటప్పుడు మమ్మల్ని అర్జీ అడగలేదేం?" అని అడిగి వచ్చింది చెల్లి.

బుడగ పిన్ని మాత్రం వింత ప్రశ్న అడిగింది. "ఆ రోజు కిస్తీ పెంచి ఉంటే ఎంత పెంచేవాళ్లు?" ఆ జవాబు ఒక్కటీ మేనేజరే స్వయంగా చెప్పాడు, ఏదో గొప్ప విషయం చెప్తున్నట్టు. పిన్ని ఆ అంకెని దారిపొడుగునా నోట్లో వల్లించుకుంటూ వచ్చింది.

ఆదివారం వాకిట్లో రెండు గంపలు పెట్టాం. ఫ్యాక్టరీలో పారేసిన సీసాలు తెచ్చి పోశాం. ఒక గంప కంపెనీది, ఒకటి మన ఇంటిది. కిస్తీ అంటే పది సీసాలనుకుందాం అన్నాం. పెద్దన్న కూతురు కాలేజీలో చదువుతోంది, అది పక్కన కూర్చుని కూడికలు చేసి పెట్టింది.

మొదటి రెండేళ్లు ఏం జరిగిందో చూపించాం. పదిలో ఏడు సీసాలు కంపెనీ గంపలోకి పోయాయి, మూడు ఇంటి గంపలోకి వచ్చాయి. జనం గుసగుసలాడారు. ఏడు పోతున్నాయని కూడా అప్పటిదాకా ఎవరికీ తెలీదు.

తర్వాత వడ్డీ పెరిగిన నెల. కిస్తీ మాత్రం అదే పది సీసాలు. పిన్ని ఒక్కొక్క సీసా తీసి కంపెనీ గంపలో వేస్తూ పోయింది. ఏడు, ఎనిమిది, తొమ్మిది. పదోదాన్ని కూడా అటే వేయబోయి ఆగింది. ఇంటి గంపకి సగం సీసా ఇవ్వాలి. సగం సీసా ఎక్కడిది? వెతికి, చిన్న దగ్గుమందు సీసా ఒకటి తీసుకొచ్చి ఇంటి గంపలో వేసింది. అది గంప అడుగున టక్కుమని పడింది.

"ఇంతేనా?" అంది ఒక ముసలమ్మ. "నెలంతా ఒళ్లు హూనం చేసుకుంటే మన ఇంటికి పోయింది ఇంతేనా?"

"ఇంతే అత్తా. ఏళ్ల తరబడి ఇంతే."

పిల్లలు కూడా గంపలోకి తొంగి చూస్తున్నారు. పెద్దన్న కట్టింది ఇప్పటికి పదిహేడున్నర లక్షలు దాటింది. తీసుకుంది పది లక్షలు. మిగిలిన పదకొండేళ్లూ కడితే మొత్తం ముప్పై లక్షల పైమాటే. ఒక ఇల్లు ఇచ్చి మూడు ఇళ్లు తీసుకుంటున్నాడు అన్నాడు లోడింగ్ బావ. ఎప్పుడూ ఏదో ఒక వెటకారం ఆడే మనిషి ఆ మాట ఏడుపు గొంతుతో అన్నాడు.

అప్పుడు పెద్దన్న కూతురు లేచింది. "ఇంకోటుంది నాన్నా. పిన్ని తెచ్చిన అంకె. ఆ రోజు కిస్తీ పెంచి ఉంటే పది సీసాలు పన్నెండు అయ్యేవి. అంతే. నెలకి రెండు సీసాలు. అలా కట్టి ఉంటే పోయిన నెలతో అప్పు మొత్తం తీరిపోయేది."

ఆ పిల్ల ఎంత మెల్లిగా చెప్పిందో! చదువుకున్న పిల్ల, తండ్రికి ఆ మాట చెప్పాల్సి వచ్చినందుకు కళ్ల నిండా నీళ్లు.

పెద్దన్న గంపల దగ్గరికి వచ్చాడు. రెండు సీసాలు చేతుల్లోకి తీసుకున్నాడు.

"రెండు సీసాలు అడిగితే ఇవ్వమా మనం? ఓవర్‌టైం చేసి ఇచ్చేవాళ్లం. ఒక పూట తగ్గించుకుని ఇచ్చేవాళ్లం. ఇవ్వకపోతే మనకి ఏమవుతుందో వాడు చెప్పాలి కదా. చెప్పలేదు. నెలకి రెండు సీసాలు మిగిల్చి, నా చేత చప్పట్లు కొట్టించి, పదకొండేళ్లు పట్టుకుపోయాడు."

"వాడెందుకు చెప్తాడు అన్నా?" అన్నాను నేను. "చెప్తే వాడికి ముప్పై లక్షలు ఎలా వస్తాయి?"

"అది కాదమ్మా. నేను మిమ్మల్ని..." అని ఆగిపోయాడు. ఆయన్ని తిట్టినవాళ్లే ముందు వచ్చి భుజం పట్టుకున్నారు.

ఆ రోజే తీర్మానం చేశాం. చెప్పకుండా పెంచిన ఏళ్లు చెల్లవని, గడువు నిండిన అప్పులు మూసెయ్యాలని, తగ్గిన వడ్డీ పాతవాళ్లకి కూడా వర్తించాలని. ఇళ్ల అప్పుల మీద ఫిర్యాదులు వినే విచారణాధికారికి అందరం కలిసి అర్జీ పెట్టాం. ఆ కంపెనీ అప్పులున్న పక్క కాలనీలకి కూడా గంపలు మోసుకుని వెళ్లాం. బట్టల మిల్లు కాలనీలో, బస్సు డిపో వెనక ఇళ్లలో, వాకిళ్లలో కూర్చుని సీసాలు లెక్కపెట్టి చూపించాం. ప్రతిచోటా ఆ మందు సీసా గంపలో పడ్డప్పుడు జనం ఒకేలా నిశ్శబ్దమయ్యేవాళ్లు. మిత్రులారా, పుస్తకాల్లో దోపిడీ అన్న మాట చాలాసార్లు చదివి ఉంటారు. దాని చప్పుడు మేం విన్నాం.

కంపెనీ వాదన ఒక్కటే. ఏళ్లు పెరుగుతాయని ఆ రోజు గదిలో చెప్పామని. ఆ గదిలో మేనేజరు కాక ఉన్నది ఇద్దరే, పెద్దన్న, వదిన. వాళ్లిద్దరి మాట మీదే నూట నలభై ఇళ్ల బతుకు ఆధారపడింది.

విచారణ వాయిదాల మీద వాయిదాలు పడుతూ పోయింది. ఈలోగా పెద్దన్నకి అరవై నిండి ఉద్యోగం దిగిపోయాడు. చేతికొచ్చిన డబ్బు కూతురి చదువుకి, పాత అవసరాలకి పోయింది. కిస్తీ మాత్రం నెల నెలా వచ్చి గుమ్మంలో నిలబడేది. మేం తలా కొంత వేస్తామంటే ఒప్పుకోలేదు.

"మిమ్మల్ని ముంచింది చాలక మీ జేబులు కూడా కోయనా?" అన్నాడు.

అదే ఫ్యాక్టరీలో, అదే కొలిమికి, కాంట్రాక్టరు కింద కూలీగా వెళ్లాడు. కొలిమి ఆర్పకుండానే పైకప్పు ఇటుకలు మార్చే పని. కుర్రవాళ్లే పది నిమిషాలు నిలబడి దిగొచ్చేస్తారు. వద్దన్నాం. వదిన కాళ్లావేళ్లా పడింది. కూతురు చదువు మానేస్తానని బెదిరించింది. విన్లేదు. "నెలకి రెండు సీసాలు ఎక్కువ కట్టాలమ్మా. తొందరగా తీరుతుంది. ఇప్పుడు నాకు లెక్క తెలిసింది కదా" అనేవాడు నవ్వుతూ.

ఒక మధ్యాహ్నం పైనుంచి దిగుతూ నిచ్చెన మీదే కూలిపోయాడు. కిందికి దించేటప్పటికే ఊపిరి లేదు. బెల్టు ఆపేసి మేం పరుగెత్తాం. ఆయన ఒళ్లు ఇంకా కాలిపోతోంది. వదిన వచ్చి తల ఒళ్లో పెట్టుకుని, తడి గుడ్డతో మొహం తుడుస్తూనే ఉంది. "చల్లబడితే లేస్తాడు" అంటోంది. ఆవిడకి చెప్పే ధైర్యం మాలో ఎవరికీ లేకపోయింది.

కాంట్రాక్టరు ఆ రోజు కూలీ ఇచ్చి చేతులు దులుపుకున్నాడు. వదిన కిస్తీ కట్టలేకపోయింది. మేం కడతామంటే, "ఆయన వద్దన్నాడు" అని తలుపు వేసుకుంది. మూడు కిస్తీలు తప్పాయి.

వదిన సాక్ష్యం సోమవారానికి పడింది. శనివారం మధ్యాహ్నం ఇల్లు జప్తు చెయ్యడానికి మేనేజరు పోలీసుల్ని వెంటబెట్టుకుని వచ్చాడు. తాళాలవాణ్ని కూడా తెచ్చుకున్నాడు. కింద వ్యాను ఆగింది. మూడో అంతస్తుకి వాళ్లు ఎక్కుతుంటే వాళ్ల వెనకే మేమూ ఎక్కాం. మెట్లు నిండిపోయాయి.

వదిన గుమ్మంలో నిలబడి ఉంది. వెనక కూతురు. మేనేజరు గొంతు చాలా మెత్తగా ఉంది.

"అమ్మా, మాకూ మనసుంది. పెద్దాయన పోయాడు, మీరు కష్టాల్లో ఉన్నారు. అందుకే పైవాళ్లతో మాట్లాడి వచ్చాను. మీ బాకీ మొత్తం మాఫీ. ఇల్లు మీ పేరన ఈ రోజే రాసిస్తాం. మీరు ఒక్క సంతకం పెట్టాలి."

"దేని మీద?"

"ఏం లేదు. ఏళ్లు పెరుగుతాయని ఆ రోజు మీ ఇద్దరికీ చెప్పామని, మీరు ఒప్పుకున్నారని. ఉన్నమాటే కదా."

నిజం చెప్తున్నాను, ఆ నిమిషంలో వదిన సంతకం పెడితే ఆవిడ్ని తప్పుపట్టే మనిషి మాలో లేడు. ఇరవై ఏడేళ్ల కాపురంలో ఆవిడకి మిగిలింది ఆ రెండు గదులే. మా ఇళ్లు పోతాయని తెలిసీ, పెట్టెయ్ వదినా అని నా మనసు కొట్టుకుంది.

కూతురే ముందు అంది. "పెట్టెయ్ అమ్మా. నాన్న ఈ ఇంటి కోసమే చచ్చిపోయాడు. ఇది కూడా పోతే ఇంక ఏముంది మనకి? ఎక్కడికి పోదాం?"

వదిన కూతురి చెయ్యి పట్టుకుని అలాగే నిలబడింది. కన్నీళ్లు జారుతున్నా తుడుచుకోలేదు.

"మీ నాన్న నిద్రలో కూడా ఒకటే అనేవాడు. నూట నలభై ఇళ్లని ముంచానని. 'నీకు తెలీదు కదయ్యా, తెలియకుండా చేసింది వాళ్లు కదా' అని నేను చెప్తూనే ఉండేదాన్ని. నమ్మకుండానే పోయాడు. ఇప్పుడు నేను ఈ సంతకం పెడితే ఏమవుతుందో తెలుసా? ఆయనకి అన్నీ తెలుసని అవుతుంది. తెలిసే అందరినీ ముంచాడని అవుతుంది. ఆ ఇంట్లో నేనెలా పడుకోనే?"

కూతురు తల్లి భుజం మీద మొహం దాచుకుంది.

వదిన మేనేజరు వైపు తిరిగింది. "తాళం వేసుకోండి. విన్నది విన్నట్టే చెప్తాను సోమవారం."

మేనేజరు మెత్తదనం అంతా ఎటో పోయింది. "బయట పడేయండి" అన్నాడు. సామాను బయటికి వచ్చింది. మంచం, వంట గిన్నెలు, పుస్తకాల పెట్టె, పెద్దన్న పని బూట్లు. మేమే అందుకుని, ఒకరి చేతినుంచి ఒకరి చేతికి, కిందిదాకా దించాం. తాళాలవాడు తలెత్తకుండా పని ముగించి సీలు వేశాడు.

వాళ్లు దిగబోతే మెట్ల మీద దారి లేదు. మేం కూర్చుని ఉన్నాం. ఎవరం కేకలు వెయ్యలేదు. ఎవరినీ తాకలేదు. లోడింగ్ బావ మాత్రం, "కాస్త కూర్చోండి సారూ. మేం పదిహేనేళ్లు ఆగాం, మీరు ఒక పూట ఆగలేరా?" అన్నాడు.

పోలీసు అధికారి లేవమన్నాడు. లేవలేదు. ఒక్కొక్కరినీ చేతులు పట్టుకుని ఈడ్చుకుపోవడం మొదలుపెట్టారు. పైమెట్టు మీద ముందుగా ఉన్నది ఎవరా అని చూస్తే పెద్దన్న కూతురు. ఎప్పుడు వచ్చి కూర్చుందో తెలీదు. ఆ పిల్లనే మొదట తీసుకెళ్లారు. బుడగ పిన్నిని నలుగురు మోయాల్సి వచ్చింది. నన్ను తోస్తే మోచెయ్యి చెక్కుకుపోయింది. వ్యాను నిండిపోయి ఇంకో వ్యాను తెప్పించారు.

కూతురు వ్యానులో ఉందని చూసి వదిన పరుగెత్తుకుంటూ వచ్చింది. తనూ ఎక్కుతానని తలుపు పట్టుకుంది. లోపలినుంచి ఆ పిల్లే తల్లి వేళ్లు ఒక్కొక్కటీ విడిపించింది.

"నువ్వు ఎక్కొద్దమ్మా. నువ్వు కూడా లోపలుంటే సోమవారం ఎవరు మాట్లాడతారు? నాన్నకి తెలీదని ఎవరు చెప్తారు? నువ్వు బయటే ఉండాలి."

వ్యాను కదిలింది. ఊచల్లోంచి చూశాను. రోడ్డు మీద మంచం, గిన్నెలు, వాటి మధ్య వదిన. అంత జనం ఉండే కాలనీలో ఆవిడ పక్కన పసిపిల్లలు, ముసలివాళ్లు తప్ప ఎవరూ మిగల్లేదు. నేను చాలా చూశాను గానీ అంత ఒంటరి మనిషిని ఎప్పుడూ చూడలేదు. వ్యానులో ఎవరం నినాదాలు ఇవ్వలేకపోయాం. ఏడ్చాం.

సోమవారం మేం లాకప్‌లోనే ఉన్నాం. సాయంత్రానికి గాని కబురు రాలేదు. బట్టల మిల్లు కాలనీనుంచి ఒకావిడ వచ్చి ఊచల దగ్గర నిలబడి చెప్పింది. వదిన వెళ్లిందట. కంపెనీ వకీలు లేచి, ఇల్లు పోయిన కక్షతో అబద్ధం చెప్తున్నావా అని అడిగాడట.

"ఇల్లు ఉంచుకోమనే అన్నారు బాబూ. అబద్ధం చెప్పమన్నారు. నేనే వద్దన్నాను" అందట వదిన. ఆ తర్వాత ఆ గదిలో మేనేజరు అన్న మాటలన్నీ వరసగా చెప్పిందట. మిల్లు వాళ్లు, డిపో వాళ్లు హాలు నిండా, వరండా నిండా నిలబడి విన్నారట. శనివారం రాత్రినుంచి వదిన మిల్లు వాళ్ల దగ్గరే ఉంటోందట.

"మా నాన్న గురించి చెప్పిందా?" అని అడిగింది కూతురు.

"చెప్పిందమ్మా. ఆయనకి తెలియదని చెప్పింది. రాసుకున్నారు."

ఆ పిల్ల గోడకి చేరగిలబడి వెక్కి వెక్కి ఏడ్చింది. బుడగ పిన్ని దగ్గరికి లాక్కుంది.

తీర్పు ఇంకా రాలేదు. వదిన ఇంటికి వేసిన సీలు అలాగే ఉంది. మేం బయటికి వచ్చిన వారానికి కిస్తీ తేదీ వచ్చింది. ఆ రోజు కౌంటర్ ముందు కుర్చీలన్నీ ఖాళీగా ఉన్నాయి. మా కాలనీనుంచి, మిల్లు కాలనీనుంచి, డిపో వెనక ఇళ్లనుంచి ఒక్కరూ కిస్తీ కట్టడానికి వెళ్లలేదు.